ఒకే టేకులో తీసిన మీసం

ప్రొద్దుటూరులో పెళ్ళి వీడియోలు తీసి బతికే నాకు ఉన్న ఒకే చెడ్డ అలవాటు షార్ట్ ఫిల్ములు. చూసినవాళ్ళలో సగంమంది తిట్టేవాళ్ళు. ఎవరూ తిట్టకపోతే నాకే దిగులుగా ఉండేది. ఆ తిట్లలో వాటా పంచుకున్నవాడు మా నటుడు, పులివెందుల దగ్గర ఒక రైతు కొడుకు. అప్పటికి మూడు సినిమాలు కలిసి చేశాం. నేను సగం మాట చెబితే మిగతా సగం వాడి కళ్ళలో కనపడేది.

నాలుగో సినిమా అంతా ఒకే దృశ్యం. పాత పగ తీర్చమని పోరుపెట్టే తండ్రి ఎదుట కూర్చుని కొడుకు తన మీసం గీసుకుంటాడు. మా వైపు తండ్రి పోతేనే కొడుకు మీసం తీస్తాడు. బతికున్న తండ్రి ముందు తీస్తే, నువ్వు నాకు చచ్చావని ముఖాన చెప్పినట్టే.

"ఒకే టేకు మామా. మళ్ళా పెరగాలంటే శానా దినాలు పడతాది," అన్నాడు వాడు. వాడి నాయన బతికే ఉన్నాడు. ఆ మాట ఇద్దరమూ ఎత్తలేదు.

జమ్మలమడుగులో ఒక పాత మిద్దెలో షూటింగ్ పెట్టుకున్నాం. తండ్రి వేషానికి ఒప్పుకున్న నాటకాల పెద్దాయన పొద్దున్నే ఫోన్ చేసి, "నాకూ కొడుకులుండారప్పా, నేను రాను," అని పెట్టేశాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. సరిగ్గా అప్పుడే మా నటుడి నాయన గడపలో కనపడ్డాడు. కొడుకు చేసే పని ఏమిటో చూద్దామని మొదటిసారి వచ్చాడట. తెల్ల పంచె, భుజాన తువ్వాలు, నెరిసిన గుబురు మీసం.

నాకు దొంగబుద్ధి పుట్టింది.

"చిన్నాయనా, ఆ కుర్చీలో కూచోని వాణ్ణి చూస్తాంటే చాలు," అన్నాను.

"మాట్లాడే పనేం లేదు గదా?"

"ఏం లేదు."

మా వాడు నన్ను పక్కకు లాగాడు. "వద్దు మామా. చెప్పి చేద్దాం."

"చెప్తే ఆ ముఖం రాదు," అన్నాను. వాడు సబ్బు నురగ పూసుకోవడానికి బ్రష్ అందుకున్నాడు. అది నా మీద నమ్మకం.

కెమెరా నడుస్తోంది. బ్లేడు ఒక పక్క మీసాన్ని తీసింది. ఆయన చేతులు కుర్చీని పట్టుకున్నాయి. సగంలో వాడి చెయ్యి ఆగిపోయింది. నావైపు చూశాడు. ఆపమని ఒక్క మాట అంటే సరిపోయేది. నేను కానివ్వమని తల ఊపాను. అయినా వాడి చెయ్యి కదల్లేదు.

"సగంలో ఆపుతావేందిరా?" అన్నాడు ఆయన. గొంతు మామూలుగానే ఉంది. "మొదలుపెట్టినావు గదా. తియ్యి."

వాడు తీశాడు. పూర్తయ్యేదాకా చూసి, తువ్వాలు దులిపి భుజాన వేసుకుని ఆయన వెళ్ళిపోయాడు. ఖాళీ కుర్చీని కూడా నేను వదలకుండా తీశాను. సిగ్గులేదు నాకు.

ఆ సినిమా చూసినవాళ్ళంతా తండ్రి నటన గురించే అడిగారు. మా వాడు మాత్రం ఆ తర్వాత నా ఫోన్ ఎత్తలేదు.

రెండేళ్ళకు ఆయన నిజంగానే పోయాడు. పెద్దకర్మకు పులివెందుల వెళ్ళాను. అన్నదమ్ములందరూ మీసాలు తీయించుకుని ఉన్నారు. మా వాడి మీసం అట్లాగే ఉంది. బంధువులు వాణ్ణి చూసి గుసగుసలాడుతున్నారు. వాడే నా దగ్గరికి వచ్చాడు.

"అందరూ తీయమంటాండారు మామా," అన్నాడు. "ఒక నాయనకు ఎన్నిసార్లు తీయాల?"