గంగాధర్ తలెత్తిన గురువారం

గురువారం పొద్దున ఆరింటికి సోహార్‌లో మస్కట్ బస్సెక్కాను. మస్కట్‌లో మేస్త్రీ పని చేసే మా చెల్లెలి కొడుకు గంగాధర్ కంపెనీ మూతపడింది. వాడి లేబర్ కార్డు గడువు తీరి ఎనిమిది నెలలు. జరిమానా లేకుండా ఇంటికి పోవడానికి అర్జీ తీసుకునేది ఆ మధ్యాహ్నం దాకానే. చెకింగ్‌లో పట్టుకుంటారని వాడు రూమ్ వీధి దాటడం లేదు. “నేనొచ్చి తీసుకుపోతా” అన్నాను ఫోన్లో.

పక్క సీట్లో ఘుబ్రాలో ఇంటిపని చేసే కడపావిడ. “మా వాడి అర్జీ తీసుకునే ఆఫీసులో పెద్ద సారు నాకు బాగా తెలుసు” అన్నాను.

“అట్లనా? మరి కారు పంపల్యా పెద్దాయనా, బస్సులో పోతాండావు?” అని నవ్వింది.

నిజానికి నాకు తెలిసింది ఆ ఆఫీసు ఎదుట చాయ్ అమ్మే మలయాళీ. అదీ వంద బైసాల చాయ్ ఒక్కసారి తాగిన పరిచయం.

తొమ్మిదిన్నరకు మస్కట్‌లో అజైబా బస్టాండులో దిగి, టాక్సీలో వాడి రూమ్ చేరాను. మస్కట్ ఒక ఊరు కాదు, రెండు. పెద్ద రోడ్డుకు అవతల బంగళాలు, ఆఫీసులు; ఇవతల కూలీల రూములు. మధ్య నడిచే వంతెన, దాని నెత్తిన కెమెరా.

వాడు టోపీ ముక్కుదాకా లాక్కుని నన్ను దుకాణాల వెనక నుంచి తిప్పాడు. “గా కంబం మీద గూడ కెమెరా ఉంది. గిట్ల గోడ పొంటి రా మామా.” వంతెన మెట్ల దగ్గర ఆగిపోయాడు. “నాతోటి గాదు మామా. నువ్వు వో.”

“మీ అమ్మకు ఏమని చెప్పాలెరా? వంతెన అడ్డమొచ్చిందనా? నడువ్!”

చెయ్యి పట్టుకుని ఎక్కించాను. అవతల పోలీసు బండి ఆగి ఉంది. అరబ్బీలో దబాయించి పంపేశానని మా ఇంట్లో చెప్పాను. అబద్ధం. నేను వీసా ఉన్నవాణ్ణే, అయినా తల దించుకుని నడిచాను. ఆ పోలీసు ఫోన్ చూసుకుంటున్నాడు.

ఆఫీసు ముందు వరుసలో దాదాపు రెండు గంటలు. కిటికీ మూయడానికి పది నిమిషాలుందనగా మా వంతు. అర్జీకి ఫొటో తీయాలి. “ఇధర్ దేఖో” అన్నాడు గుమాస్తా. గంగాధర్ టోపీ తీశాడు గానీ తల లేవలేదు. రెండోసారీ అంతే. ఎనిమిది నెలలు వంచిన మెడ మాట వినడం లేదు. గుమాస్తా గడియారం చూశాడు.

వాడి గడ్డం కింద వేళ్లు పెట్టాను. “పెండ్లిచూపులకు కూసున్నవారా, సిగ్గువడుతున్నవ్? సూడు!”

నవ్వాడు. తల లేచింది. ఫొటో పడింది. అర్జీ అందినట్టు చీటీ చేతికొచ్చింది.

మూడింటి బస్సుకు సాగనంపడానికి వాడు పెద్ద రోడ్డు వెంటే వచ్చాడు, టోపీ చేతిలో పట్టుకుని. బస్టాండు కెమెరా కింద నిలబడి ఆ టోపీ నా నెత్తిన పెట్టాడు. “ఉంచుకో మామా. వంతెన మీద నాకన్న నువ్వే ఎక్కువ వణికినవ్.”

సోహార్ దాకా తియ్యలేదు. ఎండకని ఇంట్లో చెప్పాను. ఏసీ బస్సు, తెరలు వేసే ఉన్నాయి.