గొట్టం పట్టిన పిరికివాడు

మా తాత సొబ్రి, జావా పక్క దీవిలోని పాలెంబాంగ్ ఊళ్ళో, నది మీద తేలే ఇంట్లో పుట్టి, ఆ నది మీదే ముసలివాడయ్యాడు. కానీ జీవితంలో ఒక్కసారి కూడా మోకాలు దాటి నీళ్ళలోకి దిగలేదు. స్నానం కూడా మెట్ల మీద కూర్చుని చెంబుతోనే. బాతులకున్న ధైర్యం కూడా ఈయనకు లేదని మా నానమ్మ మస్తురా పక్క తెప్పలవాళ్ళకు వినబడేటట్టు అనేది.

"బాతుకి పెళ్ళాం భయం లేదు కదే, అందుకే ఈదుతుంది" అనేవాడు తాత.

ఈ పిరికివాడి చేతిలోనే ఒక మనిషి ఊపిరి ఉండేది.

మా రేవులో మగాళ్ళ పని మునక. నడుముకి సీసపు దిమ్మలు కట్టుకుని, నోట్లో గాలిగొట్టం కరిచిపట్టి నది అడుగుకి దిగుతారు. అక్కడ కళ్ళున్నా లేకపోయినా ఒకటే. ఆ బురదనీళ్ళలో అంతా తడుముకోవడమే. పైన పడవలో గాలి పంపే కంప్రెసర్ డబడబలాడుతుంటుంది. దాని పక్కన ఇంకొకడు గొట్టం పట్టుకుని కూర్చుంటాడు. కిందివాడు ఎలా గుంజితే ఏమడుగుతున్నాడో ఆ పైవాడికే తెలియాలి. అందుకే మావాళ్ళు గొట్టాన్ని సొంత తమ్ముడి చేతికివ్వరు, బావమరిది చేతికే ఇస్తారు. అన్న చస్తే తమ్ముడికి పడవ మిగులుతుంది. బావ చస్తే బావమరిదికి అక్కా, అక్క పిల్లలూ మిగులుతారు. ఇంత లెక్క తెలిసిన జాతిలో పుట్టి నేను ఆరో తరగతి లెక్కల్లో ఎలా తప్పానో మా మాస్టరుకి అర్థం కాలేదు.

తాత పట్టిన గొట్టం చివర ఉండేవాడు ఇదామ్, తాత అక్క ఖొదీజా మొగుడు. ఎద్దు లాంటి మనిషి. నవ్వితే పడవ ఊగేది. నీళ్ళ కింద ఎంతసేపైనా ఉండేవాడు కానీ, పైకొచ్చాక నోరు మూసుకుని ఒక్క నిమిషం ఉండలేకపోయేవాడు. ఆ నోరే కొంప ముంచింది.

మా ముత్తాతల కాలంలో నదిలో చేతికి తగిలిన పాత వస్తువుని పిడికెడు బియ్యంతో కలిపి మళ్ళీ నదిలోకే వేసేవారట, పూర్వపు రాజుల సొమ్ము అడక్కుండా ముట్టుకోకూడదని. తరవాత డచ్చి దొరలొచ్చి రాతి విగ్రహాల్ని అడక్కుండానే తీసుకెళ్ళి తమ వసారాల్లో నిలబెట్టుకున్నారు. జపానువాళ్ళకి విగ్రహాలక్కర్లేదు, ఇనుము కావాలి. తేకపోతే వీపు పగిలేది. వాళ్ళూ పోయాక సర్కారువాళ్ళు బడిలో కొత్త పాఠం పెట్టారు, మీరంతా ఒక మహాసామ్రాజ్యానికి వారసులని. వారసులమైతే అదంతా మన ఆస్తే కదా అని మావాళ్ళు మునగడం మొదలుపెట్టారు. పాఠం అంత శ్రద్ధగా విన్నది ఆ ఒక్కసారే.

ఉంగరాలు, పూసలు, కంచు గంటలు, చీనా నాణాలు. ఏది దొరికినా తర్మిజీకే అమ్మాలి. నది మధ్యలో డీజిలమ్మే పెద్ద తెప్ప అతనిది. తెర వెనక అసలు వ్యాపారం మాత్రం ఇదే. వేరేవాడికి అమ్మిన కుర్రాడి మోచేతిని పడవ అంచు మీద పెట్టి తెడ్డుతో కొట్టి విరిచాడు. ఆ చప్పుడు అవతలి గట్టుకి వినబడిందని చెప్పుకునేవారు. ఆ రోజు నుంచి తాత తర్మిజీ తెప్ప దాటేటప్పుడు తల వంచుకుని, నమస్కారం పెట్టి మరీ దాటేవాడు.

అలాంటి రోజుల్లో ఇదామ్‌కి ఓ చోటు తగిలింది. అడుగున బురదలో వరసగా పాత ఓడ పలకలు. మేకులు లేవు. నల్లటి తాటినార లాంటి తాడుతో పలకని పలకకి కుట్టారు. పలకల మధ్య మట్టి జాడీలు, పేర్చినవి పేర్చినట్టే. పైకొచ్చి ముందు జాడీల సంగతి చెప్పలేదట.

"ఒరేయ్ సొబ్రీ, ముడి ఇంకా బిగువుగానే ఉందిరా! ఎవడు కట్టాడో గానీ, ఆ చేతిని ముద్దుపెట్టుకోవాలి."

"ముద్దులు తరవాత, ముందు ఒడ్డుకి పోదాం బావా, మబ్బు పట్టింది."

మబ్బు లేదు. తాతకి భయం పట్టింది. అలాంటి చోటుకోసం మనుషులు చంపుకుంటారని ఆయనకి తెలుసు. ఆ చోటెక్కడో పైనుంచి గుర్తు పెట్టుకున్నది వాళ్ళిద్దరే. ఒడ్డున ఏ గోడ వెనక ఏ గుమ్మటం కనబడుతుందో కలిపి చూసుకోవడమే మావాళ్ళ పద్ధతి.

కొన్నాళ్ళకి మ్యూజియం నుంచి రెత్నో అని ఒకావిడ రేవుకొచ్చింది. జావా మనిషి, రబ్బరు బూట్లు, ఎండకి మొహమంతా కందిపోయింది. మునకగాళ్ళంతా ఆమెని చూడగానే పాత జాడీలు చాపల కింద దాచేశారు.

"జాడీ నాకు చూపించక్కర్లేదు అన్నయ్యా" అంది ఇదామ్‌తో. "అది ఏ జాడీ పక్కన ఉండేది, దేని కింద ఉండేది, అది చెప్పు చాలు. ఒంటరిగా పైకొస్తే అది మూగది. దాని ఇరుగుపొరుగు చెప్తేనే నాకు దాని కథ తెలుస్తుంది."

ఇదామ్ జీవితంలో అతన్ని ఆ మాట అడిగినవాళ్ళు లేరు. ఎంతకిస్తావనే అందరూ అడిగారు. అంతే, తాడు గురించి, కుట్టు గురించి చెప్పడం మొదలుపెట్టాడు. ఆవిడ కాఫీ చల్లారిపోయింది. చివరికి, అనుమతి కాగితాలు, పడవ తీసుకుని వచ్చే సోమవారం వస్తే చోటు చూపిస్తానని మాటిచ్చేశాడు.

ఇంటికొచ్చే దారిలో తాత వణికిపోయాడు. "బావా, తర్మిజీకి తెలిస్తే మన తోలు తీసి డప్పుకి కడతాడు."

"నీ తోలు దేనికిరా? ఊరికే వణుకుతుంటుంది. డప్పు తనంతట తనే మోగుతుంది, నిద్ర పట్టదు."

"సర్కారుకి తెలిస్తే ఆ మలుపంతా మూసేస్తారు. అందరి పొట్టా కొట్టినట్టవుతుంది. మనల్ని వాళ్ళే చంపుతారు."

"చంపనీ. మనవాళ్ళు అలా ముడేసేవారని నా పిల్లలకి తెలియాలా, అక్కర్లేదా?"

ఆ మాట పడవలో అనుంటే బాగుండేది. మర్నాడు కాఫీ కొట్లో కూడా అన్నాడు.

బుధవారం పొద్దున ఇద్దరూ ఆ చోటుకి దూరంగా, వంతెన అవతల, పనికిరాని ఇనుము కోసం మునక వేశారు. తర్మిజీ మనుషులు కనిపెడుతున్నారని ఆ జాగ్రత్త. ఇదామ్ కింద ఉన్నాడు. తాత గొట్టాన్ని ఎడమ ముంజేతికి చుట్టుకుని కూర్చున్నాడు. తర్మిజీ పడవ వచ్చి వీళ్ళ పడవని గట్టిగా గుద్దింది. తర్మిజీ, వాడి మనుషులు ఇద్దరూ కత్తులతో దూకారు. ఒకడు తాత జుట్టు పట్టి తల వెనక్కి విరిచాడు.

"చోటెక్కడరా?"

మా తాత వీరుడు కాదని ముందే చెప్పాను. కత్తి గొంతు మీద ఆనేలోపే చెప్పేశాడు.

"చెప్తా అన్నా, చెప్తా! నీ డీజిల్ తెప్ప ముందే! ఐసు ఫ్యాక్టరీ ట్యాంకు వెనక మసీదు గుమ్మటం నక్కినట్టు కనబడుతుందే, అక్కడ, నీ రెండో దీపస్తంభానికి సూటిగా! అల్లా మీద ఒట్టు!"

తర్మిజీ ఆ తెప్ప మీద ఇరవయ్యేళ్ళుగా కూర్చుంటున్నాడు. ఆ నీళ్ళలోకే ఉమ్ముతున్నాడు.

"నా తెప్ప ముందా? నాతోనే పరాచికాలా?" అని కత్తి పిడితో మూతి మీద కొట్టాడు. పళ్ళు రెండు పడవలో పడ్డాయి. మా ఇంట్లో నిజం చెప్పి దెబ్బలు తినడం అప్పటి నుంచే మొదలైంది.

రెండోవాడు కంప్రెసర్ బెల్టు కోసేశాడు. డబడబ ఆగిపోయింది. ట్యాంకులో మిగిలిన కాస్త గాలీ గొట్టంలో బుసకొడుతూ దిగుతోంది.

"ఇప్పుడైనా చెప్తావా? లేకపోతే గొట్టం కోస్తాను. మీ బావ అక్కడే ఇల్లు కట్టుకుంటాడు."

"చెప్పిందే చెప్పాగా!" అని ఏడ్చాడు తాత.

తర్మిజీ గొట్టం మీద కత్తి వేశాడు. తాత గబుక్కున చెయ్యి అడ్డం పెట్టాడు. కావాలనే పెట్టాడో, భయంతో గొట్టాన్ని ఇంకా గట్టిగా పట్టుకున్నాడో ఆయనకే తెలియదు. మూడు వేళ్ళు తెగి పడవ అడుగున నీళ్ళలో చేపపిల్లల్లా తేలాయి. రెండో దెబ్బ మణికట్టు ఎముక దాకా దిగింది. గొట్టం తెగలేదు. మూడో దెబ్బకి తర్మిజీ వంగినప్పుడు వాడి చెవి తాత మొహానికి అందింది. చేతులు ఖాళీ లేవు. ఉన్న పళ్ళతోనే కొరికి, తల విదిలించి లాగేశాడు.

నానమ్మ ఈ కథ చెప్పినప్పుడల్లా ఇక్కడ ఆపి అడిగేది, "హలాలో కాదో చూసుకుని కొరికావా?"

తర్మిజీ అరుపుకి ఇసుక పడవలవాళ్ళు ఇటు తిరిగారు. ముగ్గురూ తమ పడవలోకి దూకి పారిపోయారు. తాత నెత్తుటి చేత్తోనే గొట్టం లాగడం మొదలుపెట్టాడు. లోతు నుంచి అంత వేగంగా మనిషిని లాగితే ఒళ్ళు చచ్చుబడుతుందని గొట్టం పట్టే ప్రతివాడికీ తెలుసు. కానీ కింద గాలి లేదు. నెమ్మదిగా లాగితే శవం వస్తుంది. లాగుతూ పెద్దగా ఏడుస్తూ, "అక్కా, నా తప్పు కాదే, అక్కా" అని అరుస్తున్నాడని ఇసుక పడవలవాళ్ళు చెప్పారు.

ఇదామ్ బతికే వచ్చాడు. చెవుల్లోంచి, ముక్కులోంచి నెత్తురు. పడవలో పడుకోబెట్టగానే, "ఒరేయ్, నా కాళ్ళేవిరా?" అన్నాడు. కాళ్ళు అక్కడే ఉన్నాయి. మళ్ళీ ఎప్పుడూ కదల్లేదు.

గురువారం తర్మిజీ దగ్గర్నుంచి కబురు వచ్చింది. రేపు సాయంత్రం లోపు అసలు చోటు చెప్పకపోతే, ఆస్పత్రిలోనైనా సరే, మంచం మీదే ఇదామ్ గొంతు కోస్తానని. ఖొదీజా తన మొగుడి మంచం పక్క చేపలు కోసే కత్తి పట్టుకుని కూర్చుంది. ఇదామ్ మాత్రం మూలుగుతూనే, "సోమవారం ఆవిడొస్తుంది, అప్పటిదాకా నోరెత్తకురా" అన్నాడు. జీవితంలో మొదటిసారి నోరు మూసుకోవాలనుకున్నాడు, పాపం.

తాత బయటికొచ్చాడు. పోలీసుల దగ్గరికి వెళ్ళలేదు. వాళ్ళ పడవలకి డీజిల్ ఎక్కడిదో రేవంతటికీ తెలుసు.

శుక్రవారం నమాజు అయి జనమంతా రేవు మెట్ల మీద చెప్పులు వెతుక్కుంటున్నప్పుడు, తాత చేతికి కట్టుతో, పళ్ళూడిన మూతితో కొబ్బరికాయల బండి ఎక్కి నిలబడ్డాడు.

"వినండర్రా! మా బావకి దొరికిన చోటు చెప్తున్నా! ఐసు ఫ్యాక్టరీ ట్యాంకు, వెనక గుమ్మటం, తర్మిజీ తెప్ప రెండో దీపం! జాడీలున్నాయి, పలకలున్నాయి! ఎవడిక్కావాలంటే వాడు పోండి! ఇక మా ఇంట్లో ఏ రహస్యం లేదు! మా బావని చంపితే ఎవడికీ ఏమీ రాదు!"

పిచ్చెక్కిందన్నారు. ఆపైన ఓ కుర్రాడు సరదాకి వెళ్ళి మునిగి, చంకలో పచ్చటి జాడీతో లేచాడు.

సాయంత్రానికి ఆ మలుపులో నీళ్ళు కనబడలేదు, పడవలే. గొట్టాలు చిక్కుపడ్డాయి. ఒకడి మునకలో ఇంకొకడు దిగాడు. పలకల్ని గొడ్డళ్ళతో చీల్చారు. కింద చీకట్లో మనిషికీ దుంగకీ తేడా తెలియక ఒకడి భుజం తెగింది. తర్మిజీ తలకి గుడ్డ చుట్టుకుని తెప్ప మీద నిలబడి, దగ్గరికొచ్చిన పడవల్ని గెడతో పొడుస్తూ, ఇది నా నీళ్ళని అరిచాడు. మోచెయ్యి విరిగిన ఆ పాత కుర్రాడి అన్నదమ్ములు తెప్ప లంగరు తాళ్ళు నరికేశారు. తెప్ప తిరిగింది. తర్మిజీ జారి, తెప్పకీ ఇసుక పడవకీ మధ్య పడ్డాడు. ఆ రెండూ కలిసినప్పుడు వచ్చిన చప్పుడు విని మునకలు ఆపినవాళ్ళున్నారు. ఎక్కువమంది ఆపలేదు.

సోమవారం రెత్నో వచ్చింది, కాగితాలతో, పడవతో. అప్పటికి ఒడ్డున పెంకులు పడున్నాయి, నీళ్ళ మీద చీలిన పలకలు, తాటినార ముక్కలు తేలుతున్నాయి. ఆవిడ ఓ నార ముక్క తీసి పట్టుకుని, నేరుగా తాత దగ్గరికొచ్చింది. అందరూ చూస్తుండగానే ఆయన చొక్కా పట్టుకుంది.

"ఆ ఓడ వెయ్యేళ్ళు ఆగింది! ఒక్క సోమవారం దాకా ఆగలేకపోయావా?"

"ఓడ ఆగేదమ్మా" అన్నాడు తాత. "మా బావ శుక్రవారం దాటేటట్టు లేడు."

ఆవిడ చొక్కా వదిలేసింది. క్షమించిందని కాదు. తరవాత చాలాసార్లు వచ్చింది కానీ, ఇదామ్ మంచం దగ్గరికే వచ్చేది. తాత తెచ్చిన కాఫీ ముట్టుకునేది కాదు.

ఇదామ్ ఇంకా ఘోరం. "చెప్పేముందు నన్ను అడగొద్దుట్రా?"

"అడిగితే వద్దనేవాడివి."

"అనేవాణ్ణే!"

"అందుకే అడగలేదు."

ఇద్దరూ బతికినన్నాళ్ళూ ఆ పోట్లాట తెమల్లేదు. రోజూ పొద్దున్నే తాత వెళ్ళి బావని వీపున ఎక్కించుకుని మెట్ల దాకా మోసుకొచ్చి స్నానం చేయించేవాడు. దారి పొడుగునా ఇదామ్ తాత జుట్టు గుంజుతూ, ఓడని చంపినవాడా, ద్రోహీ, పిరికి వెధవా అని తిట్టేవాడు. తాత మోసేవాడు. మెట్టు జారినప్పుడు మాత్రం ఇద్దరూ ఒకర్నొకరు గట్టిగా పట్టుకునేవారు.