వచనం లేని తునికాకు

మట్టిని పిసికి మనిషిని చేసిన దేవునికి స్తోత్రం. వడ్రంగి పనితో చేతులు కాయలు కాసిన ప్రభువుకు మహిమ.

మా అమ్మ కోరుట్లలో బీడీలు చేస్తుంది. ఆ పనితోనే నన్ను జగిత్యాల కాలేజీలో చదివించింది. అయినా మందిరంలో గోడ పక్కన చివరి చాప మీదే కూర్చుంటుంది, చేతుల పొగాకు వాసన ఎవరికైనా తగులుతుందేమోనని. మా సంఘంలో పొగ తాగడం పాపం. అమ్మ ఏనాడూ తాగలేదు. వాసన మాత్రం ఆమెకే అంటింది.

అది నాకు సహించలేదు. పోయిన ఏడు సెల్‌ఫోన్‌తో ఆరు నిమిషాల చిత్రం తీశాను. కథ లేదు, మాట లేదు, పాట లేదు. తడి గోనెసంచిలోంచి తీసిన, బీడీ చుట్టే తునికాకు, వెలుగుకు పట్టినప్పుడు తేలే ఈనెలు, కత్తెర చప్పుడు, ఆకు అంచును మడిచే అమ్మ గోరు. స్త్రీల కూడికలో చూపిస్తానన్నాను.

సంఘ పెద్ద మండిపడ్డారు. "మందిరంల బీడీలు చూపిస్తవానే? రేపు అగ్గిపెట్టె గూడ పంచుతవు!"

"ఆకే చూపిస్తున్న పెద్దయ్యా, పొగ లేదు."

"అయితే కింద ఒక బైబిల్ వచనమన్న ఎయ్యి. దేవుని పేరు లేకపోతే ఎట్ల?"

"ఆకును చేసినాయన దాని మీద పేరు రాసుకోలే గద."

"నీకు నోరెక్కువైంది బిడ్డా."

పాస్టరమ్మగారు అడ్డొచ్చారు. "ఆడోళ్ల కూడిక నాది పెద్దయ్యా. చూడనియ్యి."

ఆదివారం మధ్యాహ్నం కిటికీలు మూసి, గోడకు తెల్ల చీర కట్టి, లైట్లు ఆర్పి, అడిగి తెచ్చిన ప్రొజెక్టర్‌తో చిత్రం వేశాను. చీకట్లో పాటా మాటా వినబడకపోయేసరికి అందరూ ప్రార్థన మొదలైందనుకున్నారు. కొంగులు తలల మీదికి వచ్చాయి, కళ్ళు మూతపడ్డాయి, గొంతులు లేచాయి. ఆరు నిమిషాలూ ఎవరూ చూడలేదు. తలుపు దగ్గర నిలబడ్డ సంఘ పెద్ద ఒక్కరే చూశారు.

"ఇగ చాలు, ఆపెయ్యి" అన్నారు.

ఆమేన్ అనేదాకా ఆగి, మళ్లీ మొదటి నుంచి పెట్టాను. "అక్కలారా, గీసారి కళ్ళు తెరిచే ప్రార్థన చెయ్యున్రి."

చూశారు.

"గది నీ చెయ్యేనాయె వదినా!" ముందు నుంచి ఒకామె అమ్మ వైపు తిరిగి అరిచింది.

"గా గోరు చూడు, ఎట్ల వంగిందో. నాది గూడ గట్లనే" అంది బీడీలు చేసే ఇంకొకామె.

అమ్మ లేచింది. చాపలు దాటుకుంటూ ముందు వరసలోకి వచ్చింది. "జరుగున్రే, నా ఆకు నేను చూడొద్దా?"

సంఘ పెద్ద చెప్పులు వేసుకొని వెళ్లిపోయారు. ఆ చిత్రంలో ఇప్పటికీ వచనం లేదు. వేయను.

చదువుతున్న మీరూ నాతో కలిసి అడగండి: తండ్రీ, నువ్వు మొలిపించిన ఆకును పట్టిన చేతులు నీ ఇంట్లో దాక్కోకూడదు. దాచమనే వాళ్లతో వాదించడానికి మాకు గొంతు ఇయ్యి. ఆమేన్.