అనంతకృష్ణ గారి రెండో ఉదయం

మా డ్రాయింగు మాస్టారు అనంతకృష్ణ గారు ఉద్యోగం మండపేటలో చేసేవారు గానీ, టైము మాత్రం వేరే లోకంలో చూసుకునేవారు. ఆ లోకం పేరు తిరగలిసీమ. దాన్ని కనిపెట్టింది ఆయనే. అక్కడ కాలం ముందుకు పోదు, తిరగలిలా గుండ్రంగా తిరుగుతుంది. అందుకని ఎవరికీ దేనికీ ఆలస్యం కాదు. ఇక్కడ మాత్రం ఆయన రోజూ ఆలస్యమే.

తొంభైల చివర్లో నేను ఆ హైస్కూల్లో సైన్సు టీచరుగా చేరాను. చేరిన వారమే ఉండబట్టలేక, రోజూ ఈ ఆలస్యమేంటని అడిగాను.

"తిరగలిసీమలో ఇద్దరు సూర్యులండి హెలెన్ గారూ," అన్నారు కుర్చీ దగ్గరికి లాక్కుంటూ. "పెద్దాయన డ్యూటీకి టంచనుగా వస్తాడు. చిన్నవాడికి బద్ధకం. వాడు లేచేదాకా తెల్లారినట్టు కాదు."

"వాడు అసలు లేవకపోతేనో?"

"ఆ రోజు మర్నాటితో కలిసిపోద్దండి. జంటరోజు అంటాం. జంటరోజున పుట్టినవాళ్ళకి ఆకలెక్కువ."

"మీరెప్పుడు పుట్టారు?"

"అదేగా నా బాధ!" అంటూ నా టిఫిను డబ్బాకేసి చూశారు.

ఇంట్లోనూ అదే వరస. ఓసారి నా ఎదురుగానే ఆయన భార్య హైమవతి గారు గ్యాసు బండ అయిపోయిందన్నారు.

"కంగారు పడకోయ్. ఎదురుకాలం వస్తోంది. అప్పుడన్నీ వెనక్కి నడుస్తాయి. ఖాళీ అయినవి వాటంతటవే నిండుతాయి."

"అయితే అన్నం కూడా అప్పుడే తిందురుగాని," అని ఆవిడ వంటింటి తలుపు వేసేశారు. మాస్టారు చెప్పుల్లో కాళ్ళు సరిగ్గా పెట్టకుండానే గ్యాసు ఆఫీసుకి పరిగెత్తారు.

మా హెడ్మాస్టరు కామేశం గారికి గడియారమే ఇలవేల్పు. గంట కొట్టగానే వచ్చి గేటు దగ్గర నిలబడేవారు. ఆలస్యంగా వచ్చిన పిల్లలు ఎవరైనా సరే, వెనక్కి తిరిగి ఇంటికి పోవాల్సిందే. మాస్టర్లని ఇంటికి పంపే వీల్లేదు గనక అనంతకృష్ణ గారికి తిట్లు దక్కేవి.

"ఏంటండీ మాస్టారూ, ఇవాళేమైంది?"

"మా వైపు చుక్కలమాసం వచ్చిందండి. పొద్దు పొట్టిగా ఉంటుంది. ఎంత పొట్టో చూపిస్తానుండండి." జేబులోంచి సుద్దముక్క తీసి గేటు పక్క గోడమీద బొమ్మ మొదలెట్టేవారు.

కామేశం గారు గోడకేసి తిరిగి తగువులో పడిపోయేవారు. "ఇది తప్పండి! పొద్దు ఇలా నెలకో రకంగా ఉంటే పరీక్షలెప్పుడు పెడతారు?"

"అదీ గీసి చూపిస్తానండి."

ఇక లాభం లేదని ఒకరోజు కామేశం గారు అటెండరు లోవరాజుని సైకిలు మీద మాస్టారింటికి తోలారు. లోవరాజు మాస్టారిని క్యారేజీ మీద ఎక్కించుకుని, గంట కొట్టకముందే స్టాఫ్ రూములో దింపాడు. హైమవతి గారు ఆనందం పట్టలేక వీధి చివరిదాకా వచ్చి సాగనంపారట.

మాస్టారి మొహంలో మాత్రం కళ లేదు. కిటికీ దగ్గర నిలబడి, "కాలవగట్టు మీద ఎవరన్నా కనిపిస్తున్నారాండి?" అని నన్ను ఒకటే అడగడం. ఈలోగా గంట కొట్టేశారు.

కాసేపటికి గట్టు మీంచి ముగ్గురు పిల్లలు రొప్పుకుంటూ వచ్చారు. ముందున్నది మా టెంత్ క్లాసు బేబి. వాళ్ళమ్మ జ్ఞానమ్మ తెల్లవారకుండానే రైసుమిల్లులో పనికి పోతుంది. బేబి వంట చేసి, తమ్ముణ్ణి అంగన్‌వాడీలో దింపి వస్తుంది. అంగన్‌వాడీ తలుపు తీసేదే ఆలస్యంగా.

"మీ అమ్మని తీసుకురా. అప్పటిదాకా స్కూలుకి రావద్దు," అన్నారు కామేశం గారు.

"అమ్మ ఇప్పుడొస్తే పని పోద్దండి. పని పోతే నన్ను చదువు మానిపించేస్తదండి."

నా పక్కన మాస్టారు లేరు. చూద్దును కదా, ఆయన పంచె ఎగ్గట్టి వెనక ప్రహరీ గోడ ఎక్కుతున్నారు! అవతలికి దూకిన చప్పుడైంది. మరు నిమిషంలో వీధి చుట్టూ తిరిగి గేటు ముందు ప్రత్యక్షమయ్యారు.

"నమస్కారమండి. ఆలస్యమైపోయింది."

కామేశం గారు నోరు తెరిచారు. "మీరు... మీరు ఇందాకే వచ్చారు కదండీ!"

"అది మొదటి ఉదయమండి. తిరగలిసీమలో ఇవాళ ఉదయం రెండుసార్లు వస్తుంది. మొదటిది లెక్కలోకి రాదు. గీసి చూపిస్తానుండండి."

"ఉదయం రెండుసార్లు రావడమేంటండీ!" కామేశం గారు అలవాటుగా గోడకేసి తిరిగిపోయారు.

అప్పుడు చూశాను. చెప్పులు చేత్తో పట్టుకుని, సంచీలు గుండెకి హత్తుకుని, పిల్లలు ఆయన వీపు వెనకనుంచి పిల్లుల్లా లోపలికి జారుకుంటున్నారు. ఇది ఇవాళ కొత్తగా నేర్చుకున్న నడక కాదు. రోజూ నడిచిందే.

ఠంగుమని ఎవరిదో డబ్బా కింద పడింది.

కామేశం గారు వెనక్కి తిరిగారు. పిల్లల చేతుల్లో చెప్పులు చూశారు. గోడమీద పాత బొమ్మలు చూశారు. "ఇవన్నీ నేను గేటుకి వీపు పెట్టి చూడాల్సిన చోటే వేశారేంటండీ?" అన్నారు నెమ్మదిగా.

అనంతకృష్ణ గారు సుద్దముక్కని మెల్లగా జేబులో వేసేసుకున్నారు.

"క్లాసుకి పోండి," అన్నారు కామేశం గారు పిల్లలతో. తరవాత మాస్టారితో, "మీ పంచె చిరిగింది. చూసుకోండి," అని గదిలోకి వెళ్ళిపోయారు.

మర్నాడు గంట కొట్టాక అనంతకృష్ణ గారు బెరుకుగా గేటు దగ్గరికొచ్చారు. ఈసారి కామేశం గారే ముందు అడిగారు.

"మీ సీమలో హెడ్మాస్టర్లు ఉంటారాండి?"

"ఒకాయన ఉన్నాడండి. కోపిష్టి గానీ మంచివాడు."

కామేశం గారు గట్టుకేసి ఓసారి చూసి, చేతులు వెనక్కి కట్టుకుని, గోడవైపు తిరిగి నిలబడ్డారు.

"ఊఁ, కానివ్వండి. ఇవాళ కాస్త పెద్దది చెప్పండి. బేబి ఇంకా వంతెన దగ్గరే ఉంది."