ఆ అమ్మాయినే అడగండి

మానవశాస్త్రంలో పరిశోధన చేస్తున్నానంటే మా బంధువుల్లో సగంమంది నేను ఎముకలు తవ్వుతాననుకునేవారు. మిగతా సగంమంది అడవులు పట్టుకు తిరుగుతాననుకునేవారు. తీరా నేను వెళ్లింది విజయవాడ వన్‌టౌన్‌లో ఒక ఇంటి మేడమీది గదికి. చల్లపల్లిలో మా ఇంటి దగ్గర పొద్దున్నే బస్సెక్కితే ఇడ్లీ వేళకి అక్కడ దిగొచ్చు. అంత దగ్గర ఊరిని ‘క్షేత్రం’ అని పిలవడానికి మొదట్లో నాకే నవ్వొచ్చేది.

ముస్లిం కుటుంబాల్లో పెళ్లిసంబంధాలు ఎలా కుదురుతాయి, ఎవరు ఎవరిని అడుగుతారు, చివరికి ఎవరి మాట చెల్లుతుంది అన్నది నా అంశం. దానికి మా శాస్త్రం చెప్పే పద్ధతి పెద్ద రహస్యమేమీ కాదు. వెళ్లి వాళ్లింట్లో ఒకరిగా ఉండాలి, ఉంటూనే బయటివాళ్లలా చూడాలి. రెండూ ఒకేసారి ఎలా చేయాలో మాత్రం ఎవరూ చెప్పరు. నేను బయల్దేరే ముందు మా గైడ్ గారు ఒక్క హెచ్చరిక చేశారు. “అన్నీ చూడండి, అన్నీ వినండి. మీ వల్ల మాత్రం అక్కడ ఏదీ జరగకూడదు.” ఆ మాటని రాసుకుని కింద గీత కూడా గీసుకున్నాను. గీత గీస్తే చాలు, పాటించినట్టే అనుకునే వయసు నాది.

ఇంటాయనకి ఆటోనగర్‌లో లారీ సీట్లు కుట్టే షెడ్డుంది. ఇంట్లో ఆయన, భార్య, తల్లి, కూతురు. భార్యని మొదట ఆంటీ అన్నాను. “ఆంటీ ఏంటమ్మా, చీరల కొట్లో పిల్ల పిలిచినట్టు. ఖాలా అను” అందావిడ. ఖాలా అంటే అమ్మకి తోబుట్టువు. ఆ మాటతోపాటే ఇంకో మాట కూడా చెప్పింది. “నువ్వు తినేవేంటో, తిననివేంటో మీ అమ్మనడిగి తెలుసుకున్నా. ఈ ఇంట్లో నీ పళ్లెంలోకి వచ్చిందేదైనా సరే, అడక్కుండా తిను.” ఊరందర్నీ ప్రశ్నలతో వేపుకు తినడమే నా పని. అడగాల్సిన అవసరం లేనిది ఆ పళ్లెం ఒక్కటే. నాకు జ్వరమొచ్చిన వారం ఆవిడ నుదుటిమీద తడిగుడ్డ వేసి, మిరియాల చారు తాగించి, ఒళ్లు చూసుకోవేమని నన్నే కసిరింది. ఆవిడ రుణం తీర్చుకునే దారి నాకు ఇప్పటికీ తెలియదు.

వంశవృక్షాలు గీయడం మా పనిలో ఒక భాగం. మగవాళ్లని త్రికోణాలతో, ఆడవాళ్లని వృత్తాలతో చూపిస్తాం. ఇంటాయన తల్లిని అందరూ దాదీ అనేవారు. ఆవిడ కళ్లజోడు సర్దుకుని నా కాగితం చూసింది.

“మగాళ్లకి మూడు మూలలు, మాకు సున్నానా?”

“సున్నా కాదు దాదీ, గుండ్రం.”

“ఏదైతేనేం, లోపల ఏం లేదుగా” అని పకపకా నవ్వింది.

కూతురు బెంజ్ సర్కిల్ దగ్గర ఒక డయాగ్నస్టిక్ సెంటర్లో ల్యాబ్ టెక్నీషియన్. తెల్లారకుండానే ఆటో ఎక్కేది. పరగడుపున రక్తం ఇవ్వడానికి వచ్చేవాళ్లు అప్పటికే క్యూలో ఉంటారట. “రక్తం చూస్తే నాకు కళ్లు తిరుగుతాయి, దీనికి ఆకలేస్తుంది” అని వాళ్లమ్మ విసుక్కునేది. విసుగులో గర్వం కూడా ఉండేదని నాకు తెలుసు.

ఆ అమ్మాయికి సంబంధం వచ్చింది, అదీ మా చల్లపల్లి నుంచి. అబ్బాయి స్కూలు టీచరు. ఇల్లంతా సంబరం. నాకైతే రెట్టింపు సంబరం, ఎందుకంటే నా పరిశోధన నడుచుకుంటూ ఇంటికొచ్చింది. ఒక సాయంత్రం మేడమీద ఆరేసిన బట్టలు తీస్తూ ఆ అమ్మాయి నాతో అంది.

“అబ్బాయి నచ్చాడక్కా. ఫోన్లో బాగానే మాట్లాడాడు. కానీ ఉద్యోగం మానమంటే మాత్రం నేను చేసుకోను. అమ్మకి చెప్తే ముందు సంబంధం కుదరనీ అంటుంది. మీరెవరికీ చెప్పొద్దు.”

చెప్పనని మాటిచ్చాను. నమ్మి చెప్పింది బయటికి పోనివ్వకూడదన్నది మా వృత్తిలో మొదటి నీతి. ఆ నీతికి ఎంత పరీక్ష రాబోతోందో అప్పుడు తెలియదు.

ఆదివారం అబ్బాయి మేనత్త, ఇంకో ఇద్దరు ఆడవాళ్లు వచ్చారు. అబ్బాయి వాళ్లింట్లో మేనత్త సరే అంటే సంబంధం సరే. ఖాలా సేమియా పాయసం, సమోసాలు చేసింది. నేను మూలన స్టూలు మీద కూర్చున్నాను, గోడకి తగిలించిన క్యాలెండరులా. కానీ మేనత్త నన్ను వదల్లేదు. ఎవరమ్మాయివి, ఏ ఊరు అంటూ కూపీ లాగి, చివరికి మా నాన్న దాకా వెళ్లింది. “మాస్టారి అమ్మాయివా! మా తమ్ముళ్లందరికీ లెక్కలు చెప్పిందాయనే” అంది. ఆమె ప్రశ్నలు వేసిన తీరు చూస్తే నాకు అసూయ కలిగింది. అంతసేపూ నేను బయటిదాన్నని అనుకుంటున్నది నేనొక్కదాన్నే.

అమ్మాయి టీ ట్రే తెచ్చి, అందరికీ ఇచ్చి, లోపలికి వెళ్లిపోయింది. అప్పుడు మేనత్త అసలు సంగతికొచ్చింది.

“పెళ్లయ్యాక ఉద్యోగం సంగతేంటండీ?”

“మీ ఇష్టమండీ. మీరు మానెయ్యమంటే మానేస్తుంది” అంది ఖాలా, ఊపిరి కూడా తీసుకోకుండా.

లోపలి గుమ్మం పరదా కింద అమ్మాయి పాదాలు కనిపిస్తున్నాయి. కదలడం లేదు. మేనత్తకి ఏమనుమానమొచ్చిందో, నా వైపు తిరిగింది.

“మాస్టారి పిల్లవి, అబద్ధం చెప్పవు. ఇన్నాళ్లుగా ఇక్కడే ఉంటున్నావు. నువ్వు చెప్పమ్మా. ఆ పిల్ల నిజంగా మానేస్తుందా?”

ఔనంటే అబద్ధం. దానితో ఆ అమ్మాయి ఉద్యోగం పోతుంది. కాదంటే నేనిచ్చిన మాట పోతుంది, ఖాలా మాట కూడా పోతుంది. తెలియదంటే ఎవరూ నమ్మరు. ఖాలా నా వైపే చూస్తోంది. నాకు సహజంగానే ఓపిక తక్కువ, ఇలాంటి చోట మరీ తక్కువ. అయినా ఆ క్షణంలో నా నోట వచ్చింది ధైర్యం వల్ల కాదు, అలవాటు వల్ల. ఇంట్లో ఒకరి అభిప్రాయం ఇంకొకరు చెబితే రాసుకోకూడదు, వాళ్లనే అడగాలి అని మాకు క్లాసులో నూరిపోశారు.

“ఆ అమ్మాయినే అడగండి” అన్నాను.

పెళ్లిచూపుల్లో అమ్మాయిని పేరు, చదువు అడుగుతారు కానీ ఇలాంటివి అడగరు. మేనత్త పిలిచింది. అమ్మాయి వచ్చి పరదా అంచు పట్టుకుని నిలబడింది.

“మాననండీ. చల్లపల్లిలో ల్యాబ్ దొరికితే అక్కడ చేస్తా. లేకపోతే బస్సెక్కి ఇక్కడికే వస్తా.”

మేనత్త చల్లారిన టీ నిదానంగా తాగింది. “ఇంటికెళ్లి కబురు చేస్తామండీ” అని లేచింది. ఆ మాటకి మా కృష్ణా జిల్లాలో అర్థమేమిటో పసిపిల్లని అడిగినా చెబుతుంది.

ఖాలా అరవలేదు. మిగిలిన సమోసాలు డబ్బాలో సర్దుతూ, “ఇంటి మనిషివనుకున్నా” అంది. అంతే. ఆ తర్వాత నా పళ్లెం కూతురి చేత మేడమీదికి పంపించేది. ఆ పిల్ల మాత్రం నన్ను పల్లెత్తు మాటనలేదు. నచ్చిన అబ్బాయి చేజారిపోయాడని తెలిసీ పొద్దున్నే డ్యూటీకి వెళ్లి వచ్చేది. ఆమె కళ్లు చూస్తే నాకు ముద్ద దిగేది కాదు. బ్యాగు సర్దుకుని, చెప్పి వెళ్దామని కిందికి దిగాను.

అందరూ భోజనాల దగ్గరున్నారు. దాదీ నా బ్యాగు చూసి కోడల్ని అడిగింది.

“నికా రోజు పెద్దలొచ్చి ఒప్పుకుంటావా అని ఎవర్నడుగుతారు? నిన్నా, పిల్లనా?”

“పిల్లనే.”

“మరి? ఆ రోజు ఎలాగూ అడగాలిగా. ఇది కాస్త ముందే అడిగించింది. అంతమంది ముందు ఆ రోజు కాదంటే ఏం చేసేదానివి?”

ఖాలా ఒక పళ్లెం నా వైపు జరిపి, “కూర్చో, కూర చల్లారిపోతుంది” అంది. నేను బ్యాగు గోడకి ఆనించి కూర్చున్నాను. అంత రుచిగా దొండకాయ వేపుడు మళ్లీ ఎక్కడా తినలేదు.

మేనత్త దగ్గర్నుంచి ఫోనొచ్చింది, మేమందరం ఆశ వదిలేసుకున్నాక. “మా వాడికి తెలిసిన ల్యాబ్ ఒకటుంది, మాట్లాడాడు. మా ఇంట్లో అందరూ లోపలొకటి పెట్టుకుని బయటొకటి చెప్పేవాళ్లే. ఉన్నదున్నట్టు చెప్పేది ఒకతైనా ఉండాలి” అందట. ఖాలా ఫోను పెట్టేసి ముందు కూతురి వైపు చూసింది, తర్వాత నా వైపు. వంటింట్లోకి వెళ్లి కళ్లు తుడుచుకుంది.

గైడ్ గారికి ఇదంతా చెప్పడానికి భయపడుతూ వెళ్లాను. నా వల్ల ఒకటి జరిగిందని ఒప్పుకున్నాను. ఆయన “జరిగింది జరిగినట్టు రాయండి. మీరు అక్కడ ఉన్నారని కూడా రాయండి” అన్నారు. తన నియమం కన్నా నా నిజానికే విలువిచ్చిన ఆ పెద్దమనిషికి నేనెప్పటికీ కృతజ్ఞురాలినే.

నికా రోజు నేను కెమెరా, పెన్ను పట్టుకుని ఆడవాళ్ల గది గుమ్మం దగ్గర నిలబడ్డాను. పెళ్లి ఘట్టం నా పరిశోధనకి ఆయువుపట్టు. ఖాలా నన్ను చూసి, “అవి పక్కన పడేసి ఇలా రా, పిల్ల వెనక కూర్చో” అంది. వెళ్లి కూర్చున్నాను. పెళ్లికూతురు ముసుగులోంచి చెయ్యి వెనక్కి చాపి నా చెయ్యి పట్టుకుంది. ఐసుగడ్డలా ఉంది.

ఒక పెద్దాయన సాక్షులతో వచ్చి గుమ్మం దగ్గర నిలబడి, ఉర్దూలో ఆ ప్రశ్న అడిగారు. పిల్ల పలకలేదు. ఎవరో “సిగ్గు” అన్నారు. ఇంకెవరో “ఔనన్నట్టే, రాసుకోండి” అన్నారు.

ఖాలా వాళ్లని చేత్తో ఆపింది. కూతురి ముందు మోకాళ్ల మీద కూర్చుని, ముసుగు కాస్త పైకెత్తి, నాకూ అర్థం కావాలనేమో, తెలుగులో అంది.

“చెప్పమ్మా. నిన్నే అడుగుతున్నారు.”