బల్ల కాదు మొర్రో

మా ఊళ్ళో కడుపునొప్పికి ఒకటే పేరు, గ్యాస్. పొట్ట పైభాగాన నొప్పి అంటే గ్యాస్, కింద అంటే గ్యాస్, ఛాతీలో అంటే అదీ గ్యాసే, పైకి తన్నిందట. ఈ మాట విశాఖపట్నానికి ఎవరు తెచ్చారో గాని, పోర్టులోకి ఓడ మీద వచ్చిన సరుకైతే నేనే దింపి ఉంటాను. కళాసీగా నా వయసంతా అక్కడే గడిచింది.

ఆ ఉదయం పూర్ణా మార్కెట్లో కూరలు తీసుకుని బయటికి వస్తున్నాను. ఎడమ పక్కటెముకల కింద ఎవరో మేకు దిగ్గొట్టినట్టయింది. హుక్కులు గీరుకున్న నొప్పి, బస్తాలు మీద పడ్డ నొప్పి నాకు తెలుసు. ఇది ఆ కులంలోది కాదు. ఉల్లిపాయల కొట్టు ముందు ఒక బస్తా మీద కూలబడ్డాను. ఆ కొట్టతనికీ నాకూ చుట్టరికం ఏమీ లేదు. అయినా బావా అనే పిలుస్తాడు.

"ఏటి బావా, మొకం అలగైపోనాది?"

"ఇదిగో, ఈ పక్క పొడిసీస్తంది."

"గేసు బావా. రాత్రేటి తిన్నావ్?"

"చారన్నం."

"సారుకీ గేసొస్తాది. పులుపు కదేటి."

"పులుపు మానేసి ఊరుకుంటే?"

"కాళీ కడుపుకైతే మరీ ఎక్కువొస్తాది."

తిన్నా వస్తుంది, తినకపోయినా వస్తుంది. ఇంత అన్యాయమైన జబ్బు ఇంకొకటి లేదు. నిమ్మకాయ సోడా తెప్పించి దగ్గరుండి తాగించాడు. ఇంటికి వచ్చి అదంతా కక్కేశాను.

మర్నాటికి ఒళ్ళు కాస్త వెచ్చబడింది. నొప్పి ఎడమ భుజం చివరికి పాకింది. మా అబ్బాయికి మధురవాడలో ఉద్యోగం, ఉండేది నా దగ్గరే. ఆఫీసుకి వెళ్ళే తొందరలో కూడా పాపం నా భుజానికి ఘాటైన మందేదో రాసి, "పక్కకి తిరిగి పడుకున్నట్టున్నావు నాన్నా," అన్నాడు. కడుపుదేమో గ్యాసు, భుజానిదేమో వయసు. రెండు నొప్పులకి రెండు పేర్లు పెట్టేసి ఎవరి పని వాళ్ళు చూసుకున్నారు. రెండూ ఒకేసారి ఎందుకు మొదలయ్యాయని అడిగిన మనిషి లేడు. నేను అడిగితే, "నీకన్నీ అనుమానాలే," అన్నాడు వాడు. ఆ సాయంత్రం చెప్పులేసుకుని నేనే రోడ్డెక్కాను. అప్పుడు మా అబ్బాయి వెనకాల పరిగెత్తుకొచ్చి ఆటో పిలిచాడు.

ఆస్పత్రిలో డాక్టరమ్మ చిన్నపిల్ల. నాడి పట్టుకుని ఎంతసేపటికీ వదల్లేదు. గుండెకి తీగలు తగిలించి కాగితం తీయించింది. నరంలోకి మందెక్కించి స్కానింగ్ చేయించింది. మర్నాడు మంచం దగ్గరికి వచ్చి, "మీ స్ప్లీన్‌లో ఇన్‌ఫార్క్ట్ ఉంది తాతగారూ. రక్తం అందక కొంత భాగం చచ్చిపోయింది. నాలుగు రోజులు ఉండాలి," అని పక్క మంచానికి వెళ్ళిపోయింది.

ఇదేమైనా పద్ధతేనా? నా ఒంట్లో నాది ఒక ముక్క చచ్చిపోయిందని చెప్పి, ఆ కబురు అక్కడ పడేసి వెళ్ళిపోవడమా? ఐదో తరగతి దాటని వాణ్ణి. నాకొచ్చిన నాలుగు ముక్కలూ పాత పుస్తకాల కొట్ల దగ్గర నిలబడి నేర్చుకున్నవే. అర్థం కానిదాన్ని అలా వదిలేసే అలవాటు నాకు లేదు. సాయంత్రం ఆవిడ మళ్ళీ వచ్చినప్పుడు చెయ్యి అడ్డం పెట్టాను.

"చచ్చిపోయింది సరేనమ్మా. ఎందుకు చచ్చిపోయింది?"

ఆవిడ గడియారం చూసుకుంది. నా మొహం చూసింది. స్టూలు లాక్కుని కూర్చుంది. అప్పుడు తెలిసింది, ఆవిడకి చెప్పడం రాక కాదు, అడిగేవాళ్ళు లేక.

స్ప్లీన్ అంటే ప్లీహం. ఎడమ పక్కటెముకల చాటున, గుప్పెడంత ఉంటుంది. ముసలివైపోయిన రక్తకణాలని ఏరి పారేస్తుంది, రక్తంలో చేరిన క్రిముల్ని పట్టుకుంటుంది. దానికి రక్తం ఒక పెద్ద నాళంలో వచ్చి, లోపల పాయలుగా చీలుతుంది. ఒక్కో ముక్కకి ఒక్కో పాయ. పాత ఊరి సందుల్లో మునిసిపాలిటీ గొట్టాల్లాగే. మా సందు గొట్టం మూసుకుపోతే పక్క సందులో కుళాయి ధారగా పారుతున్నా మాకు చుక్క రాదు. నా ప్లీహంలో అలా ఒక పాయ మూసుకుంది. దాన్నే నమ్ముకున్న ముక్క ఎండిపోయింది. స్కానింగ్ బొమ్మలో చూపించింది, కోసిన పుచ్చకాయ ముక్కలా మూడు మూలలతో నల్లగా ఉంది.

"మరి భుజం?"

"ప్లీహం పైన ఊపిరి తీసే కండ ఉంటుంది. ఆ కండ రేగితే మెదడుకి అది భుజం నొప్పిలా తెలుస్తుంది. భుజంలో మీకేం లేదు."

అంటే ఇంట్లో రాసిన మందంతా గోడకి రాసినట్టే.

"పాయ ఎందుకు మూసుకుంది?"

"అసలు సంగతి అదే. మీ గుండె లయ తప్పి కొట్టుకుంటోంది. పై గదిలో రక్తం కదలకుండా నిలిచి గడ్డ కడుతోంది. అందులో చిన్న ముక్క ఊడి ప్లీహంలోకి వెళ్ళింది. ఇంకోటి ఊడితే ఎటు వెళుతుందో చెప్పలేం. మెదడుకి వెళితే పక్షవాతం."

ఆపరేషన్ అక్కర్లేదంది. చచ్చిన ముక్క ముడుచుకుని మచ్చయిపోతుందట. జ్వరం పెరిగినా నొప్పి తిరగబెట్టినా పరిగెత్తుకు రమ్మంది. గడ్డ కట్టకుండా రక్తాన్ని పలచన చేసే మాత్ర మాత్రం రోజూ సాయంత్రం వేసుకోవాలి, బతికున్నన్నాళ్ళూ. ఒక్కరోజూ తప్పకూడదు.

ఇంటికి వచ్చాను. వెనకే మా అప్ప దిగింది.

అప్ప అంటే మా పెద్దక్క. అనకాపల్లి అవతల పల్లెలో ఉంటుంది. అమ్మ పోయాక నన్ను పెంచింది తనే. ప్లీహం అన్న మాట మా అబ్బాయి ఫోనులో చెప్పగానే ఆవిడకి అంతా తేటతెల్లమైపోయింది.

"బల్లరా. బల్ల తిరగబెట్టినాది."

చిన్నప్పుడు చలిజ్వరం వచ్చి వచ్చి ఈ ప్లీహమే వాచి ఎడమ డొక్క గట్టిపడి ఉబ్బేది. దాన్ని బల్ల అనేవారు. బల్లకి వాతలు పెట్టేవారు. నాకూ పెట్టారు. ఎర్రగా కాలిన ఇనప పుల్ల పొట్టకి ఆనిస్తుంటే నా కాళ్ళు పట్టుకున్నది అప్పే. ఆ వాసన ఈనాటికీ నా ముక్కులో ఉంది.

"మూడు వాతలు పడాల. రెండు పడ్డాక నన్ను తన్నీసి పారిపోనావు కాదేటి? ఆ మిగిలిపోయిన వాతేరా ఇప్పుడు బల్లై లేసినాది."

"అప్పా, బల్ల అంటే వాపు. నాది వాపు కాదు. రక్తం అందక ఎండిపోనాది."

"ఎండిపోయినా ఉబ్బిపోయినా సోటదే కదేటి!"

చోటు అదేనట! సోడా తాగించినవాడు నయం, కక్కేస్తే వదిలిపోయింది. ఆవిడ పల్లెలో పసరు పోసే మనిషితో మాట్లాడి మరీ వచ్చింది. పసరు తాగాలి, ఒక్క వాత పెట్టించుకోవాలి, మండలం రోజులు పథ్యం చెయ్యాలి. పసరు పనిచేస్తున్నన్నాళ్ళూ ఇంగ్లీషు బిళ్ళ నోట్లో పడకూడదు. మాటలు అవుతుండగానే మాత్రల అట్ట తీసి కొంగున ముడేసుకుంది.

"ఇలా తే అప్పా. సాయంత్రం వేసుకోవాలి."

"దీనికి పత్యమేటి?"

"పథ్యం ఏమీ చెప్పలేదు."

"సూసినావా! పత్యం లేని మందు మందేట్రా? బెల్లం ముక్కా అది?"

మా అబ్బాయి ఫోనులో ఏదో తీసి చదివి వినిపించబోయాడు. "నీ పోను నాను పుట్టినప్పుడుందేట్రా?" అని వాడి నోరు మూయించింది. ఎనభై దాటిన మనిషి కొంగు ముడి లాగి విప్పలేం. ఆ సాయంత్రం మాత్ర పడలేదు. మంచం మీద కూర్చుని నా గుండె నేనే వింటున్నాను. రెండు దెబ్బలు దగ్గరగా పడతాయి, ఒకటి దూరంగా పడుతుంది. పై గదిలో ఏం పేరుకుంటోందో ఎవరికి తెలుసు? ఈసారి ఊడిన ముక్క తలకెక్కితే, కాలూ చెయ్యీ పడిపోయి, ఈవిడ మీద అరవడానికి నోరు కూడా మిగలదు. అదీ నా భయం. కోపం ముందు నడుస్తోంది గాని దాని వెనకాల ఉన్నది భయమే.

పొద్దున్నే, "నీ మాటే డాక్టరమ్మతో చెప్పు. ఆవిడ ఒప్పుకుంటే పసరు తాగుతాను," అన్నాను. పందెం పెద్దదే. అప్ప కొత్త చీర కట్టుకుని బయల్దేరింది.

ఆస్పత్రిలో నన్ను మాట్లాడనివ్వలేదు. "డాట్రమ్మా, ఈడికి సిన్నప్పట్నించీ బల్ల. వాత బాకీ ఉండిపోనాది. నీ బిళ్ళకి పత్యం లేదంట. ఎలగ నమ్మమంటావు?"

డాక్టరమ్మ నవ్వలేదు. అందుకు ఆవిడకి దణ్ణం పెట్టాలి. "పథ్యం లేదని ఎవరన్నారు?" అని అడిగింది. అప్ప నా వైపు చూసింది. నేను గోడ వైపు చూశాను.

"ఈ మాత్రకి చాలా పథ్యం ఉందమ్మా. ఆకుకూర ఒకరోజు బుట్టెడు తిని, తర్వాత వారం మానేస్తే కుదరదు. ఎప్పుడూ ఒకేలా తినాలి. నన్నడక్కుండా ఏ నొప్పిమాత్రా వేసుకోకూడదు. పసరులో ఏముంటుందో మనకి తెలీదు, కూడదు. కాల్చడం, కొయ్యడం అసలే కూడదు, పుండైతే రక్తం ఆగదు. మధ్యమధ్య రక్తపరీక్ష చేయించాలి."

ఒక్కో నిషేధం వినపడిన కొద్దీ అప్ప మొహం వెలిగింది. ఆఖరికి నా వైపు తిరిగి అందరిముందూ ఉతికేసింది. "ఇంత పత్యమున్న మందుని పత్యం లేదంటావేట్రా, గుంటడా! నిన్న బిళ్ళ తప్పీసినాది నీవల్ల కాదేటి?"

ఇంటికి పంపిన రోజు ఇవన్నీ నాకు చెప్పినవాళ్ళు లేరు. ఓ చీటీ చేతిలో పెట్టి పొమ్మన్నారు. ఆ మాట అందామనుకున్నాను. అప్పటికే అప్ప కొంగు ముడి విప్పి అట్ట చేతిలోకి తీసుకుంది.

"నిన్నటిది పోయింది. దానికోసం రెండు కలిపి వేసుకోకండి. ఇవాళ్టిది వేళకి వేసుకోండి," అంది డాక్టరమ్మ.

"నాను దగ్గరుండి ఏయిస్తానమ్మా," అంది అప్ప.

ఆ తర్వాత ఆవిడ పల్లెకి వెళ్ళలేదు. రోజూ తోటకూర. ఒకే కట్ట, ఒకే గిన్నె. వీధిలో అందరికీ తన తమ్ముడి బల్లని పథ్యంతో తనే కుదురుస్తున్నట్టు చెబుతోంది. నాకు ఒళ్ళు మండిపోతుంది. నిన్న ప్రాణం లాగి గోంగూర పచ్చడి అడిగాను.

"కుదర్దు. ఒకేలా తినమన్నాది కదేటి. నిన్న తోటకూర తిన్నావు, ఇయ్యాలా తోటకూరే తిను."

ఒకేలా అంటే ఆకు ఒకటే అని కాదు, మోతాదు మారకూడదని. నోటిదాకా వచ్చింది. ఇప్పుడు అది విడమర్చి చెబితే, ఇంత వెసులుబాటున్న మందు మందేనా అని మళ్ళీ మొదటికొస్తుంది. తోటకూర కలుపుకుని తిన్నాను. అప్ప మాత్ర విప్పి నా అరచేతిలో పెట్టి, మింగేదాకా అక్కడే నిలబడింది.