నిలబడ్డ కొబ్బరికాయ

ఉప్పల్‌లో ఓ ప్రైవేటు బడిలో ఫిజిక్స్ చెబుతూ, ఆదివారం పత్రికలో సైన్స్ శీర్షిక రాస్తూ కమలకుమారి వయసంతా గడిపేసింది. జీతం బడి ఇచ్చేది, పేరు పత్రిక తెచ్చేది. గ్రహణంనాడు అన్నం తినొచ్చని, తాయెత్తుతో జ్వరం తగ్గదని ఓపిగ్గా రాసేది. చదివినవాళ్లు ఫోన్లు చేసి మరీ మెచ్చుకునేవారు. మెచ్చుకుని, తాయెత్తు మాత్రం విప్పేవారు కాదు. పోయినేడు పత్రికవాళ్లు ఆ శీర్షిక ఎత్తేసి, ఆ చోటు కూడా వారఫలాలకే ఇచ్చేశారు. ఒక్క పాఠకుడూ ఇదేమిటని అడగలేదు. ఆ మంట ఆమెకు ఇంకా చల్లారలేదు.

అంతలో నాచారంలో ఆమె ఉండే అపార్ట్‌మెంటు బోరు ఎండిపోయింది. కొత్తది ఎక్కడ వెయ్యాలి? అసోసియేషన్ సెక్రటరీ రామ్మోహనరావు, బ్యాంకులో రిటైరైన పెద్దమనిషి, అరచేతిలో కొబ్బరికాయ పెట్టుకుని నీళ్లు చూసే మనిషిని నారపల్లి నుంచి పిలిపిస్తానన్నాడు. నీళ్లున్నచోట కాయ లేచి నిలబడుతుందట.

కమలకుమారి మీటింగులో లేచింది. "కాయకేం తెలుస్తుందండీ భూమిలో ఏముందో? నా శిష్యుడు జీవన్ జియాలజీ చదివాడు. మిషను పెట్టి చూస్తాడు. ఈ ఒక్కసారి నా మాట వినండి."

ఇన్నేళ్లూ ఊరందరికీ చెప్పింది. రోజూ మెట్ల మీద ఎదురయ్యే ఈ నాలుగు కుటుంబాలైనా ఒక్కసారి తన మాట నమ్మితే చాలనుకుంది. నీళ్లు పడకపోతే ఇక ఆ బిల్డింగులో ఆమె నోరెత్తే పనిలేదు. రామ్మోహనరావు మొహం మాడ్చుకునే సరేనన్నాడు.

ఆదివారం పొద్దున జీవన్ వచ్చాడు. వెనక సందు పొడవునా మట్టిలో ఇనప కడ్డీలు దిగ్గొట్టి, వైర్లు పరిచి, మీటరు చూస్తూ అంకెలు రాసుకున్నాడు. చివరికి ఒకచోట సుద్దతో గుర్తు పెట్టాడు. చూస్తున్నవాళ్లు ఆవలించారు. కమలకుమారి మాత్రం పెళ్లికూతురి తల్లిలా అందరికీ టీలందిస్తూ తిరిగింది.

"అంతేనా?" అన్నాడు రామ్మోహనరావు. "ఈ అంకెలు చూసి బోరు వేసేయాలా?"

జీవన్ సంచిలోంచి కొబ్బరికాయ తీసి, అరచేతిలో పడుకోబెట్టి, కళ్లు అరమూసి సందంతా నడిచాడు. సరిగ్గా సుద్దగుర్తు దగ్గర కాయ లేచి నిలబడింది. ఆవలించినవాళ్లే చేతులు జోడించారు. కమలకుమారికి తల కొట్టేసినట్టయింది.

బోరు వేశారు. నీళ్లు ఎగజిమ్మాయి. "చూశారా, కాయ అబద్ధమాడదు!" అని రామ్మోహనరావు వచ్చి ఆమెకే చెప్పాడు. "మంచి మనిషిని పిలిపించారండీ."

ఆమె జీవన్‌ని గేటు పక్కకు లాక్కెళ్లింది. "సిగ్గులేదట్రా? నీళ్లు కనిపెట్టింది మిషను, పేరు కాయకా?"

"ఏం జెయ్యాలె మేడమ్? ఉత్త మిషన్ జూపెడితే ఎవ్వలు నమ్ముతలేరు. కాయ నిలవడితెనే బోరుబండిని పిలుస్తరు. మీ మాట పోవద్దనే జేసిన."

"ఈ విద్య ఎక్కడ నేర్చుకున్నావు?"

జీవన్ మొహం వెలిగిపోయింది. "మీరు పేపర్ల రాసిందే గద మేడమ్! కాయ ఎట్ల వట్టుకుంటరు, వేళ్లు ఎంత వంచితే లేస్తది, గిట్ల మోసం జేస్తరని బొమ్మ గీసి మరీ రాసిన్రు. గది సదివి అద్దం ముంగట ప్రాక్టీస్ జేసిన. మస్తు క్లియర్‌గ రాసిన్రు!"

బోడుప్పల్‌లో ఇంకో బోరుకు చూడాలంటూ వాడు ఆమె కాళ్లకు దండం పెట్టి బైకెక్కాడు. కమలకుమారికి తను రాసింది అక్షరం పొల్లుపోకుండా ఆచరణలో పెట్టిన పాఠకుడు ఇన్నేళ్లకు ఒక్కడు కనబడ్డాడు.